ఐదంగుళాల ఫిల్మూ, ఎనిమిది వందల మీటర్లూ

ఏమర్రా, అందరూ వచ్చారా? అమ్మలూ, ఆ ఫ్యాను కాస్త పెంచు. చింటూ, నువ్వు ఇటొచ్చి కూర్చో, అక్కణ్ణుంచి నీకు సరిగ్గా వినపడదు.

నిన్న సినిమా చూస్తూ అమ్మలు ఒక ప్రశ్న వేసింది. "తాతయ్యా, అంతసేపు పరిగెత్తి అలిసిపోయిన అమ్మాయి చివరి వంద మీటర్లలో అంత వేగం ఎక్కణ్ణుంచి తెచ్చుకుంటుంది?" అని. మంచి ప్రశ్న. జవాబు ఒక్క ముక్కలో చెప్పేస్తాను: తెచ్చుకోదమ్మా. సినిమాలో కనిపించే ఆ వేగం ఎడిటింగ్ రూములో పుడుతుంది. నేను ఆ గదుల్లోనే బతుకంతా గడిపినవాణ్ణి, ముందు మద్రాసులో, తరవాత ఇక్కడ ఫిల్మ్‌నగర్‌లో. పరుగు సీను వచ్చిందంటే పాదాల క్లోజప్ ఒకటి, గ్యాలరీలో లేచి నిలబడ్డ అమ్మ మొహం ఒకటి, కోచ్ బిగించిన పిడికిలి ఒకటి, మళ్ళీ పాదాలు. ముక్కల నిడివి తగ్గించుకుంటూ పోతే చూసేవాడి గుండె దడ పెరుగుతుంది, పిల్ల వేగం పెరిగిందనుకుంటాడు. ఆపైన సెకనుకి 48 ఫ్రేముల చొప్పున తీసి 24 చొప్పున చూపిస్తే, 17 సెకన్ల పరుగు 34 సెకన్లు సాగుతుంది. హీరోయిన్ ఒక్కొక్కరినే దాటుకుంటూ వచ్చేస్తుంది, హాలంతా ఈలలు.

అసలు పరుగులో జరిగేది వేరు. నన్నడిగితే అది సినిమా కన్నా గొప్పది.

ఎనిమిది వందల మీటర్లంటే స్టేడియంలో రెండు చుట్లు. కేబీఆర్ పార్కులో పొద్దున్నే చేతులూపుకుంటూ గట్టిగా నడిచేవాళ్ళకి అంత దూరానికి ఎనిమిది నిమిషాలు పడుతుంది. ప్రపంచస్థాయి ఆడపిల్లలు దాన్ని రెండు నిమిషాల లోపే ముగిస్తారు. వాళ్ళ రెండు చుట్లకీ విడివిడిగా టైము చూడండి. గట్టి పోటీ జరిగిన పరుగైతే మొదటి చుట్టు 57 సెకన్లలో వస్తే రెండోది 59, 60 పడుతుంది. గెలిచిన అమ్మాయికీ అంతే. అంటే చివర్లో అందరూ నెమ్మదిస్తున్నారు. తక్కువ నెమ్మదించిన పిల్ల గెలుస్తుంది, అంతే సంగతి.

మరి దూసుకొస్తున్నట్టు కనిపిస్తుందేం? లెక్క చూడండి. ముందున్న అమ్మాయి అలిసిపోయి సెకనుకి 6 మీటర్ల వేగానికి దిగిపోయింది. వెనకున్న పిల్ల 7 నుంచి ఆరున్నరకే దిగింది. ఇద్దరి వేగమూ తగ్గింది. అయినా వెనకున్న పిల్ల సెకనుకి అరమీటరు చొప్పున దగ్గరవుతోంది, పది సెకన్లలో ఐదు మీటర్లు. మన కళ్ళకి ఆ దగ్గరవడమే కనపడుతుంది కానీ ఇద్దరూ నెమ్మదించడం కనపడదు. 1500 మీటర్ల పందెంలో అయితే ముందు నెమ్మదిగా నడిపించి, చివరి చుట్టులో నిజంగానే వేగం పెంచే పరుగులు బోలెడుంటాయి. ఎనిమిది వందలలో ఆ విలాసం అరుదు.

ఎందుకు నెమ్మదిస్తారో చెప్తాను. ఊళ్ళో మీ నానమ్మ కట్టెలపొయ్యి రాజేయడం చూశారుగా. ముందు కొబ్బరిపీచు అంటిస్తుంది. అది భగ్గుమంటుంది కానీ ఎంతోసేపు ఉండదు. ఆ మంట మీద కట్టెలు నెమ్మదిగా అందుకుంటాయి, ఆ తరవాత గంటల తరబడి కాలతాయి. ఒంట్లోనూ అంతే. కండరంలో అప్పటికే సిద్ధంగా ఉండే ఏటీపీ అనే శక్తి నిల్వ రెండు మూడు సెకన్లకి సరిపోతుంది. క్రియాటిన్ ఫాస్ఫేట్ అనే మరో నిల్వ ఇంకొన్ని సెకన్లు నెట్టుకొస్తుంది. ఆ తరవాత ఆక్సిజన్ కోసం ఆగకుండా గ్లూకోజుని గబగబా విరగ్గొట్టి శక్తి తీసుకునే పద్ధతి ఊపందుకుంటుంది. ఇదంతా పీచుమంట. కట్టెమంట అంటే ఊపిరితిత్తులు లాక్కున్న ఆక్సిజన్‌ని గుండె రక్తంలో తోసి కాళ్ళకి చేర్చడం. అది పూర్తి స్థాయి అందుకోడానికి నిమిషం దాకా పడుతుంది. నిమిషమంటే ఒక చుట్టు అయిపోయింది!

శాస్త్రవేత్తలు కొలిచి చూశారు. 400 మీటర్ల పరుగులో ఆక్సిజన్‌తో వచ్చే శక్తి సగం కన్నా తక్కువ. 1500 మీటర్లలో ఐదింట నాలుగు వంతుల పైనే. మన ఎనిమిది వందలలో దాదాపు మూడింట రెండు వంతులు. మిగతాదంతా అప్పుచేసి తెచ్చుకున్నదే. అందుకే వంద మీటర్లు పరిగెత్తే పిల్ల కాళ్ళ బలం ఒక్కదానితోనే ఈ పందెం గెలవలేదు, మారథాన్ పిల్ల ఊపిరి ఒక్కదానితోనే గెలవలేదు. రెండూ కావాలి, రెండూ చివరి వంద మీటర్లలో ఒకేసారి అయిపోవస్తాయి.

"లాక్టిక్ యాసిడ్ కదా తాతయ్యా కాళ్ళు పట్టేసేది?" అని బడిలో చెప్పింది అప్పజెప్పకండి, ఆ పాఠం పాతబడింది. లాక్టేట్ విషమేమీ కాదు. గుండె దాన్ని ఇంధనంగా వాడుకుంటుంది, పక్క కండరాలూ వాడుకుంటాయి. కాళ్ళు రాళ్ళయిపోవడానికి కారణం కండరంలో ఆమ్లగుణం పెరగడం, ఫాస్ఫేట్ పేరుకోవడం, కండరం బిగిసి వదలడానికి కావాల్సిన క్యాల్షియం కదలికలు మందగించడం, ఇలాంటివన్నీ కలిసి. పరిగెత్తిన రెండో రోజు పిక్కలు నొప్పులు పుట్టడానికి కూడా లాక్టేట్ కారణం కాదు, అది ఒకటి రెండు గంటల్లోనే సర్దుకుంటుంది. ఆ నొప్పి కండరపు పోగుల్లో పడ్డ చిన్న చిన్న చిరుగుల వల్ల.

ఇక్కడొక మాట, ముఖ్యంగా ఆడపిల్లలు వినండి. మూడింట రెండు వంతుల శక్తి ఆక్సిజన్ వల్ల వస్తుందన్నానా, ఆ ఆక్సిజన్‌ని మోసేది రక్తంలోని హిమోగ్లోబిన్. దాని గుండెకాయ ఇనుము. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో 15 నుంచి 49 ఏళ్ళ ఆడవాళ్ళలో రక్తహీనత ఉన్నవాళ్ళు తెలంగాణలో నూటికి 57 మంది పైన, ఆంధ్రప్రదేశ్‌లో 58 మంది పైన. అంటే సగం మందికి పైగా తక్కువ ఆక్సిజన్‌తోనే బతుకు పరుగు పరిగెడుతున్నారు. నాకు ఇది తల్చుకుంటే కడుపు తరుక్కుపోతుంది. ఆకుకూరలు, రాగులు, పప్పులు తినండి, పక్కన నిమ్మకాయ పిండుకోండి, ఇనుము ఒంటికి పడుతుంది. అన్నం తిన్న వెంటనే టీ తాగకండి, పట్టే ఇనుముని అది అడ్డుకుంటుంది. ఏడాదికోసారి రక్తపరీక్ష చేయించమని మీ అమ్మానాన్నల్ని అడగండి.

సరే, ఇప్పుడు మన ఊరి పిల్ల కథ. అగసర నందిని. సికింద్రాబాద్ అమ్మాయి, తండ్రి టీ అమ్మి ఇల్లు నడిపినవాడు. తెలంగాణ సాంఘిక సంక్షేమ గురుకులంలో చదువుకుంది. మొదట హర్డిల్స్ దూకే పిల్ల, తరవాత హెప్టాథ్లాన్‌కి వచ్చింది. హెప్టాథ్లాన్ అంటే రెండు రోజుల్లో ఏడు పోటీలు. మొదటి రోజు 100 మీటర్ల హర్డిల్స్, హై జంప్, షాట్‌పుట్, 200 మీటర్లు. రెండో రోజు లాంగ్ జంప్, జావెలిన్, అన్నిటికన్నా చివర 800 మీటర్లు. గెంతి, విసిరి, దూకి, ఒళ్ళు హూనం చేసుకున్నాక ఇప్పుడు రెండు చుట్లు పరిగెత్తమంటారు. పైగా హెప్టాథ్లాన్ పిల్లల ఒళ్ళు కట్టుదిట్టమైన కండబలం ఉన్నది, అంటే పీచుమంట బాగా ఉన్నవాళ్ళు. వాళ్ళని తీసుకెళ్ళి కట్టెమంట పందెంలో నిలబెడతారు. అందుకే వాళ్ళలో చాలామందికి ఈ చివరి పోటీ అంటే హడలు.

2023 అక్టోబరు 1. చైనాలోని హాంగ్‌ఝౌ, ఆసియా క్రీడలు. నందిని 800 మీటర్లని 2 నిమిషాల 15 సెకన్ల చిల్లరలో ముగించింది. ఏడు పోటీలూ కూడితే 5712 పాయింట్లు. కంచు పతకం. నాలుగో స్థానంలో నిలిచింది కూడా మన దేశపు అమ్మాయే, బెంగాల్ నుంచి వచ్చిన స్వప్న బర్మన్, 2018 ఆసియా క్రీడల బంగారు పతక విజేత. ఆమెకి 5708. తేడా నాలుగు పాయింట్లు.

ఈ నాలుగు పాయింట్లంటే ఎంతో చూద్దాం. హెప్టాథ్లాన్‌లో టైముని పాయింట్లుగా మార్చడానికి ఒక సూత్రం ఉంది. దాని ప్రకారం 800 మీటర్లు సరిగ్గా 2 నిమిషాల 15 సెకన్లలో పరిగెడితే 893 పాయింట్లు. అదే 2 నిమిషాల 16 సెకన్లయితే 879. అంటే ఆ వేగాల దగ్గర ఒక సెకను విలువ 14 పాయింట్లు. నాలుగు పాయింట్ల విలువ సెకనులో మూడోవంతు కూడా లేదు, సుమారు 0.28 సెకను. ఆ వేగంలో అది ఒకటిన్నర మీటరు పైచిలుకు దూరం.

ఇప్పుడు నా భాషలో చెప్తాను. 35 ఎంఎం ఫిల్ము సెకనుకి 24 ఫ్రేములు, నిమిషానికి 90 అడుగులు నడుస్తుంది. 2 నిమిషాల 15 సెకన్ల పరుగంటే 3240 ఫ్రేములు, రెండొందల అడుగుల పైన ఫిల్ము. ఆ నాలుగు పాయింట్లు అందులో ఏడు ఫ్రేములు. అడుక్కి పదహారు ఫ్రేములు కాబట్టి అయిదంగుళాల ముక్క. నా బల్ల మీద అలాంటి ముక్కలు కత్తిరించి కింద డబ్బాలో పడేసేవాణ్ణి, రోజుకి ఎన్నో. వేళ్ళ మధ్య పట్టుకుని వెలుతురుకేసి చూస్తే అందులో మనిషి కాలు ఒక్కసారి నేల తాకి లేస్తుంది, అంతకుమించి ఏమీ జరగదు.

అయితే న్యాయంగా చెప్పాలి. ఆ నాలుగు పాయింట్లు 800 మీటర్లలోనే దొరికాయని అనకూడదు. లాంగ్ జంప్‌లో సెంటీమీటరున్నర కన్నా తక్కువ, జావెలిన్‌లో జానెడు, వాటి విలువ కూడా అంతే. రెండు రోజుల్లో ఎక్కడ జారినా జారేవి. చివర పరుగు ఉంది కాబట్టి లెక్క అక్కడ తేలింది, అంతే. 2025 మే నెలలో దక్షిణ కొరియాలోని గుమిలో ఆసియా అథ్లెటిక్స్ ఛాంపియన్‌షిప్స్ జరిగినప్పుడు మాత్రం ఇలాంటి గీటు దగ్గరి లెక్కల అవసరం రాలేదు. నందిని 5941 పాయింట్లతో బంగారు పతకం తెచ్చుకుంది.

హెప్టాథ్లాన్ చివరి ఎనిమిది వందలు అనగానే నాకు ఇంకో మనిషి గుర్తొస్తుంది, అదీ మన వాకిట్లోనే. ఇక్కణ్ణుంచి షేక్‌పేట మీదుగా వెళ్తే గచ్చిబౌలి స్టేడియం వస్తుందిగా, అక్కడ 2003లో ఆఫ్రో-ఏషియన్ గేమ్స్ జరిగాయి. జె.జె. శోభ అనే అమ్మాయి, కర్ణాటకలో ధార్వాడ వైపు పుట్టి, రైల్వే ఉద్యోగంతో సికింద్రాబాద్‌లో స్థిరపడింది. ఆరో పోటీ జావెలిన్ విసురుతూ చీలమండకి దెబ్బ తగిలించుకుంది. మిగిలింది ఒక్క 800 మీటర్లు. చీలమండకి గట్టిగా పట్టీ చుట్టించుకుని ట్రాక్ మీదకి వచ్చింది. రెండు చుట్లూ పూర్తిచేసింది, బంగారం గెలిచింది.

అదెంత కష్టమో చూడండి. పరిగెడుతూ అడుగు వేసిన ప్రతిసారీ నేల మన బరువుకి రెండు మూడు రెట్లు తిరిగి తోస్తుంది. ఆ తోపుని చీలమండా, మడమ వెనక ఉండే పెద్ద స్నాయువూ సాగి పట్టుకుని, మళ్ళీ వదిలి, పాదాన్ని ముందుకి విసురుతాయి. పరుగులో ఖర్చయ్యే శక్తిలో కొంత అలా ఉచితంగా తిరిగొస్తుంది. పట్టీ బిగించిన చీలమండ సరిగ్గా వంగదు, ఆ ఉచితం తగ్గిపోతుంది, మిగతా కాలు, తుంటి, నడుము ఆ పని మీదేసుకోవాలి. ఎనిమిది వందల మీటర్లకి నాలుగొందల పైచిలుకు అడుగులు పడతాయి, అందులో సగం ఆ దెబ్బతిన్న కాలి మీద. ఆ మరుసటి ఏడాది ఢిల్లీలో శోభ 6211 పాయింట్లతో జాతీయ రికార్డు చేసింది. ఈ సంగతి మన జూబ్లీహిల్స్ పిల్లల్లో ఎంతమందికి తెలుసో నాకు అనుమానమే, తెలియాల్సిన సంగతి మాత్రం ఇదీ.

ట్రాక్ వంపుల సంగతి త్వరగా చెప్పి వదిలేస్తాను. ఒక్కో లేన్ వెడల్పు 1.22 మీటర్లు. మలుపు దగ్గర పక్కవాళ్ళ బయటివైపు, రెండో లేన్‌లో పరిగెడితే ఒక్క వంపుకి 3.8 మీటర్లు ఎక్కువ పరిగెత్తినట్టు. నందిని గెలిచిన తేడాకి రెండింతలు! అందుకే అందరూ లోపలి గీత కోసం మోచేతులతో తోసుకుంటారు. కానీ మొదటి వంపు పూర్తయ్యేదాకా ఎవరి లేన్‌లో వాళ్ళు ఉండాలి. 1986 సియోల్ ఆసియా క్రీడల్లో షైనీ అబ్రహాం, అంతకు రెండేళ్ళ ముందు ఒలింపిక్స్‌లో 800 మీటర్ల సెమీఫైనల్ చేరిన పిల్ల, ఆ వంపు పూర్తికాకముందే లోపలికి వచ్చేసింది. పతకం పోయింది.

ఇక గీత దాటడం. 2025 సెప్టెంబరు, టోక్యో, ప్రపంచ అథ్లెటిక్స్ ఛాంపియన్‌షిప్స్, మహిళల 800 మీటర్ల ఫైనల్. కెన్యా అమ్మాయి లిలియన్ ఒడిరా, ఇద్దరు పిల్లల తల్లి, చివరి వంద మీటర్లలో వెనకనుంచి వచ్చి 1 నిమిషం 54.62 సెకన్లలో గెలిచింది. 1983లో యార్మిలా క్రతోఖ్విలోవా నెలకొల్పిన ఛాంపియన్‌షిప్స్ రికార్డు 1:54.68 అలా 42 ఏళ్ళకి చెరిగింది. రెండో స్థానం బ్రిటన్‌కి చెందిన జార్జియా హంటర్ బెల్, 1:54.90. మూడో స్థానం అదే బ్రిటన్, అదే శిక్షణ బృందం, పారిస్ ఒలింపిక్ విజేత కీలీ హాడ్జ్‌కిన్సన్, 1:54.91. వెండికీ కంచుకీ మధ్య సెకనులో నూరోవంతు. ఆ వేగంలో అది ఏడు సెంటీమీటర్లు.

సినిమా కెమెరా ఇక్కడ ఎందుకూ పనికిరాదు. ఒక ఫ్రేముకీ ఇంకో ఫ్రేముకీ మధ్య 24వ వంతు సెకను. ఆ సందులో ఆ పిల్లలు 29 సెంటీమీటర్లు జరిగిపోతారు. అందుకని ఫినిష్ గీత దగ్గర వేరే కెమెరా పెడతారు. దానికి వెడల్పైన ఫ్రేమే ఉండదు, సన్నని నిలువు చీలిక మాత్రం ఉంటుంది. అది గీతని తప్ప ఇంక దేన్నీ చూడదు. సెకనుకి వేలసార్లు ఆ ఒక్క గీతనే తీసి, ఆ నిలువు పోగుల్ని పక్కపక్కన పేర్చుకుంటూ పోతుంది. కాబట్టి మీరు పేపర్లో చూసే ఫొటో ఫినిష్ బొమ్మలో ఎడమనుంచి కుడికి ఉన్నది స్థలం కాదు, కాలం. బొమ్మలో ఉన్న అందరూ ఒకే చోట ఉన్నారు, గీత మీద, వేరువేరు క్షణాల్లో. అందుకే పాదాలు సాగిపోయి, చేతులు వంకరపోయి విచిత్రంగా కనపడతాయి. తల, చేయి, కాలు లెక్కలోకి రావు, మొండెం ఎప్పుడు గీత తాకిందో అదే టైము. 1984 లాస్ ఏంజెలిస్‌లో మన పి.టి. ఉష 400 మీటర్ల హర్డిల్స్‌లో నూరోవంతు సెకనుతో కంచు పోగొట్టుకున్నదీ ఇలాంటి బొమ్మ మీదే.

ఇంత శాస్త్రం పుట్టిన పరుగుని ఆడవాళ్ళకి ముప్పై రెండేళ్ళు లేకుండా చేశారర్రా. 1928 ఆమ్‌స్టర్‌డామ్ ఒలింపిక్స్‌లో మొదటిసారి మహిళల 800 మీటర్లు పెట్టారు. జర్మనీకి చెందిన లీనా రాడ్కే 2 నిమిషాల 16.8 సెకన్లతో ప్రపంచ రికార్డు చేసి గెలిచింది. రెండో స్థానం జపాన్ అమ్మాయి కినుయే హితోమి. గీత దాటాక కొందరు గడ్డి మీద కూలబడ్డారు. ఎనిమిది వందలు ప్రాణం పెట్టి పరిగెత్తినవాళ్ళు మగవాళ్ళైనా అలాగే కూలబడతారు, పైన చెప్పానుగా ఎందుకో. పత్రికలు మాత్రం సగంమంది సొమ్మసిల్లిపోయారనీ, పరుగు పూర్తిచేయలేదనీ రాశాయి. పరిగెత్తిన తొమ్మిదిమందీ పూర్తిచేశారు! ఆడవాళ్ళ ఒంటికి ఇంత దూరం పడదని తీర్మానించి ఎత్తేశారు, మళ్ళీ 1960 రోమ్‌లో గానీ పెట్టలేదు. 1500 మీటర్లకైతే 1972 దాకా ఆగాల్సి వచ్చింది. కొలవకుండా తీర్పు చెప్పడం శాస్త్రం కాదు, అది అన్యాయం. ఆనాటి ప్రపంచ రికార్డు 2:16.8 అని గుర్తుందిగా? ఆరు పోటీలు ఆడి అలిసిపోయిన మన నందిని హాంగ్‌ఝౌలో పరిగెత్తింది దానికన్నా వేగంగా. ట్రాకులు మారాయి, బూట్లు మారాయి, ఒప్పుకుంటాను. ఆడపిల్ల ఒళ్ళు మాత్రం మారలేదు.

మన సినిమావాళ్ళకీ ఒక మాట చెప్పాలని ఉంది. 1991లో ఉషాకిరణ్ మూవీస్ వాళ్ళు మౌళి దర్శకత్వంలో 'అశ్వని' తీసినప్పుడు నిజం రన్నర్ అశ్వని నాచప్పనే తెచ్చి నటింపజేశారు. ఆ పని మళ్ళీ చేయాలి. శోభ కథ ఉంది, నందిని కథ ఉంది. తీసేవాళ్ళెవరైనా ఆ రెండు చుట్లనీ ఒకే షాట్‌లో, స్లో మోషన్ లేకుండా, కత్తెర పెట్టకుండా పూర్తిగా చూపించమని నా విన్నపం. జనం కూర్చుని చూస్తారు, నా అనుభవంతో చెప్తున్నాను.

మీకు మాత్రం ఒక పని. ఈసారి టీవీలో మహిళల 800 మీటర్లు వచ్చినప్పుడు ఫోన్‌లో స్టాప్‌వాచ్ పెట్టుకోండి. చివరి చుట్టు గంట మోగినప్పుడు ముందున్న పిల్ల టైమొకటి, గెలిచిన పిల్ల ఆ గీత దగ్గరికి వచ్చిన టైమొకటి, చివరి టైమొకటి, మూడూ కాగితం మీద రాసుకుని నా దగ్గరికి తీసుకురండి. రెండో చుట్టు మొదటిదానికన్నా వేగంగా పరిగెత్తి గెలిచిన అమ్మాయి దొరికిందా, దాని సంగతి విడిగా కూర్చుని మాట్లాడుకుందాం.